కజువో మియాగావా సొంత ముద్ర ఎక్కడుంది?

జవాబు పక్కదారి పట్టకుండా ముందు మీ ప్రశ్నను ఇక్కడ పెట్టుకుంటాను. మీరు జపాన్ కెమెరామన్ కజువో మియాగావా పనిచేసిన 'రషోమన్' సినిమా చూశారు. 1950లో అడవిలో ఆ ఎండను అలా ఎలా పట్టుకున్నారని అడిగారు. తర్వాత అదే కెమెరామన్ చేసిన 'ఉగెత్సు', 'యోజింబో' చూస్తే మూడు సినిమాలూ ముగ్గురు వేరు వేరు మనుషులు తీసినట్టు అనిపించింది. డైరెక్టర్‌ను బట్టి మారిపోయే కెమెరామన్‌కి సొంత ముద్ర అంటూ ఉంటుందా అన్నది మీ రెండో ప్రశ్న. డిజిటల్‌లో పని మొదలుపెట్టిన అసిస్టెంట్‌గా ఆయన దగ్గర ఏం నేర్చుకోవాలన్నది మూడోది.

రెండోదాంతో మొదలుపెడతాను. అది తేలితే మిగతా రెండూ వాటంతటవే తేలతాయి.

ముద్ర ఉంది. కాకపోతే మనం దాన్ని ఫ్రేమింగ్‌లోనో, కెమెరా కదలికలోనో వెతుకుతాం. మియాగావా విషయంలో అక్కడ దొరకదు. ఆ రెండూ ఆయన డైరెక్టర్ కథకి ఇచ్చేశారు. తన దగ్గర అట్టేపెట్టుకున్నది ఒక్కటే, నలుపుకీ తెలుపుకీ మధ్య ఉండే మెట్లు. ఒక ముఖం మీద ఎన్ని రకాల బూడిద రంగు ఉండాలి, ఏ నీడలో వివరం కనపడాలి, ఏ నీడ పూర్తిగా మూసుకుపోవాలి అన్నది ఆయన ప్రతి సినిమాలోనూ తన చేత్తో కలిపి వేసినట్టుంటుంది. కలిపి వేసినట్టు అని ఊరికే అనలేదు. ఆయన పని నేర్చుకున్న దారే అది.

మియాగావా 1908లో క్యోటోలో పుట్టారు. చిన్నతనంలోనే సుమీ-ఎ, అంటే నల్ల సిరాతో బొమ్మలు వేసే విద్య నేర్చుకున్నారు. ఆ సిరా గట్టి కడ్డీలా ఉంటుంది. నీళ్లు వేసి రాతి మీద అరగదీయాలి. మన ఇళ్లలో సాన మీద గంధం తీసినట్టే. ఎంత అరగదీస్తే అంత చిక్కన, ఎన్ని నీళ్లు కలిపితే అంత పల్చన. ఆ విద్యలో తెల్లరంగు అంటూ విడిగా ఉండదు. కుంచె ముట్టకుండా వదిలేసిన కాగితమే తెలుపు. కుంచె పడ్డ చోట ఇక చెరపడానికి లేదు. సిరాలో అయిదు రంగులున్నాయని అక్కడ పాతకాలం నుంచీ ఒక మాట ఉంది. నల్ల సిరా ఒక్కదాంట్లోనే కొండ, పొగమంచు, నీళ్లు, దూరం అన్నీ చూపించాలి కాబట్టి.

1926లో, పద్దెనిమిదేళ్ల వయసులో, క్యోటోలోని నిక్కత్సు స్టూడియోలో చేరారు. కెమెరా దగ్గర కాదు, ఫిల్మ్ కడిగే ల్యాబ్‌లో. ఇది చాలామంది ఒక్క వాక్యంలో దాటేస్తారు. నాకు మాత్రం ఆయన జీవితంలో అన్నిటికంటే ముఖ్యమైన సంగతి ఇదే అనిపిస్తుంది.

ఎందుకో చెప్తాను. నేను 1980ల్లో మద్రాసులో ఒక ల్యాబ్‌లో పనిచేశాను. కెమెరా ముట్టుకోవడానికి ముందు దాదాపు రెండేళ్లు నెగెటివ్‌లే చూశాను. ఫిల్మ్ మీద బొమ్మ తేల్చే రసాయనం, డెవలపర్ వాసన చొక్కాకి పట్టేసి ఇంట్లో అన్నం దగ్గర కూడా వచ్చేది. రోజుకి పదిమంది కెమెరామన్ల నెగెటివ్ మా చేతుల మీదుగా పోయేది. ఎవరు భయపడి ఎక్స్‌పోజర్ ఎక్కువ ఇచ్చారో, ఎవరు నీడలో ఏమీ లేకుండా వదిలేశారో, ఎవరు సరిగ్గా అంచు మీద నిలబడ్డారో పేరు చూడకుండా చెప్పగలిగేవాళ్లం. అక్కడ ఒకటి తెలిసొస్తుంది. కంటికి కనపడే వెలుగు వేరు, నెగెటివ్ మీద మిగిలే వెలుగు వేరు. షూటింగ్‌లో మబ్బు అద్భుతంగా ఉందని అందరూ చప్పట్లు కొట్టిన షాట్ ల్యాబ్‌లో ఒట్టి తెల్ల కాగితంలా వచ్చేది. ల్యాబ్‌లో పెరిగినవాడు సెట్ మీద నిలబడి లైటును చూడడు, ఆ లైటు రేపు ఉదయం నెగెటివ్ మీద ఎలా ఉంటుందో చూస్తాడు.

మియాగావా కాలంలో ఇది ఇంకా చేతిపని. ఫిల్మ్‌ను ఫ్రేములకి చుట్టి తొట్లలో ముంచి, ఎర్రదీపం వెలుగులో కంటితో చూస్తూ ఎప్పుడు పైకి తీయాలో తేల్చుకునే రోజులు. సిరా ఎప్పుడు చిక్కబడిందో చూడ్డం అలవాటున్న కుర్రాడికి ఆ తొట్టి దగ్గర కొత్తగా నేర్పాల్సింది తక్కువే అయ్యుంటుంది. అక్కడి నుంచి కెమెరా అసిస్టెంట్ అయ్యారు. 1935కి కెమెరామన్ అయ్యారు. యుద్ధకాలంలో జపాన్ సినిమా కంపెనీలను కలిపేసినప్పుడు నిక్కత్సు సినిమా నిర్మాణం దాయే అనే కంపెనీలో కలిసింది. ఆయన కూడా దాయేకి వచ్చి, 1971లో ఆ కంపెనీ దివాలా తీసేదాకా అక్కడే ఉన్నారు.

ఆయన పేరు నలుగురికీ తెలిసింది 1943లో హిరోషి ఇనగాకి తీసిన రిక్షావాడి కథ 'ముహోమత్సు'తో. అందులో చివర్న రిక్షావాడి జ్ఞాపకాలన్నీ ఒకదాని మీద ఒకటి కరిగిపోతూ వస్తాయి. మధ్యలో రిక్షా చక్రం తిరుగుతూ ఉంటుంది. ఈ పని ల్యాబ్‌లో ఫిల్మ్ ప్రింటర్ మీద చేసింది కాదు, కెమెరాలోనే చేసింది. అంటే ఒక షాట్ తీసి, చివర్న వెలుగు నెమ్మదిగా తగ్గించి, అదే ఫిల్మ్‌ను లెక్కపెట్టి వెనక్కి తిప్పి, దాని మీదే ఇంకో షాట్ తీయాలి. మళ్లీ వెనక్కి తిప్పాలి. మళ్లీ తీయాలి. మధ్యలో ఒక్క లెక్క తప్పినా అంతకుముందు తీసినవన్నీ పోతాయి. పైగా ప్రతి పొరకీ ఎంత వెలుగు ఇవ్వాలో ముందే తెలియాలి. మొదటి పొర చిక్కగా పడితే మూడో పొరకి చోటుండదు. పల్చటి సిరా మీద పల్చటి సిరా వేసి ముదురు తెచ్చుకోవడం తెలిసినవాడి ఆలోచన ఇది. ఆ సినిమాను యుద్ధకాలపు సెన్సారు ఒకసారి కోసింది, ఓడిపోయాక వచ్చిన ఆక్రమణ సైన్యపు సెన్సారు ఇంకోసారి కోసింది. రిక్షావాడు చనిపోయిన ఆర్మీ అధికారి భార్యతో మనసు విప్పి మాట్లాడే ఘట్టం మొదటి కోతలోనే పోయింది. కోతల తర్వాత కూడా ఆ చక్రం మిగిలింది.

ఇక మీ మొదటి ప్రశ్న, 'రషోమన్' అడవి.

డైరెక్టర్ అకిరా కురోసావా ఆ అడవి ఘట్టాలను నారా దగ్గర ఆదిమ అడవిలోనూ, క్యోటో దగ్గర కోమ్యోజి గుడి వెనక అడవిలోనూ తీశారు. చెట్లు దట్టంగా ఉన్న చోట రెండు సమస్యలు. ఒకటి, నేల దగ్గర వెలుగు చాలదు. రెండు, ఉన్న వెలుగు పైనుంచి జల్లెడలోంచి వచ్చినట్టు వచ్చి, కింద మెత్తగా, మసకగా పరుచుకుంటుంది. చీకటీ కాదు, ఎండా కాదు. ఆ కథకి మాత్రం ఎండ కావాలి, కత్తిలా తెగే ఎండ.

అందుకు అద్దాలు వాడారు. మామూలు నిలువుటద్దాలు. చెట్లు లేని చోట ఎండలో ఒక అద్దం పెట్టి, ఆ ఎండను నటుల ముఖాల మీదికి మళ్లించడం. మనం సెట్ మీద వాడే సిల్వర్ రిఫ్లెక్టరు ఉంది కదా, అది ఎండను చెదరగొడుతుంది. థర్మోకోల్ ఇంకా మెత్తగా చేస్తుంది. అద్దం అలా కాదు, ఎండను ఎండలాగే పంపిస్తుంది. ఇరవై అడుగుల దూరంలో కూడా ముఖం మీద నీడల అంచులు కరకరలాడతాయి.

ఇది పుస్తకంలో చదివి సంబరపడి, కొన్నేళ్ల కింద మారేడుమిల్లి అడవిలో ఒక షూటింగ్‌లో నేనూ చేసి చూశాను. రెండు డ్రెస్సింగ్ అద్దాలు తెప్పించి రోడ్డు పక్క ఎండలో నిలబెట్టాం. మొదటి షాట్ చూసి యూనిట్ అంతా ఆగిపోయింది. హీరోయిన్ చెంప మీద పడ్డ వెలుగు అలాంటిది. రెండో టేక్‌కి ఆ వెలుగు మెడ మీదికి దిగింది. మూడో టేక్‌కి భుజం దాటింది. అప్పుడు కూర్చుని లెక్క వేశాను. సూర్యుడు గంటకి 15 డిగ్రీలు జరుగుతాడు. అద్దం కదలకుండా ఉంటే దాంట్లోంచి వచ్చే వెలుగు కూడా దాదాపు అంతే జరుగుతుంది. ఇరవై మీటర్ల దూరంలో అది నిమిషానికి ఎనిమిది, తొమ్మిది సెంటీమీటర్లు. అంటే అయిదు నిమిషాల్లో ముఖం దాటి భుజం మీదికి. అద్దానికి ఒక లైట్ బాయ్‌ని కాపలా పెట్టి, ప్రతి టేక్‌కీ ముందు మళ్లీ సరిచేస్తేనే పని అయింది. 'రషోమన్'లో నటులు నిలబడి ఉండరు. పరిగెత్తుతారు, కిందపడతారు, పెనుగులాడతారు. ఆ అద్దాలు పట్టుకున్నవాళ్ల చేతుల గురించి ఆలోచించండి.

రెండోది ఆకుల నీడలు. ఇది ఇంకా బాగా గమనించాల్సిన విషయం. అడవి ఘట్టాల్లో ముఖాల మీద ఆకుల నీడలు స్పష్టంగా, అంచులతో సహా కనిపిస్తాయి. నిజమైన అడవిలో అలా పడవు. సూర్యుడు చుక్క కాదు, ఆకాశంలో అర డిగ్రీ వెడల్పున్న బిళ్ల. అందుకని ఆకు ఎంత ఎత్తున ఉంటే దాని నీడ అంత మసకబారుతుంది. ఒక మీటరు ఎత్తున్న ఆకు నీడకి అంచు సెంటీమీటరు లోపే చెదురుతుంది. పది మీటర్ల ఎత్తున్న ఆకుకి దాదాపు తొమ్మిది సెంటీమీటర్లు. అది ఇక ఆకులా కనపడదు, మచ్చలా కనపడుతుంది. అందుకే దగ్గర షాట్లకి నటుల తలల పైన ఒక వల కట్టి, దాని మీద కొమ్మలు, ఆకులు పరిచారు. అడవి మధ్యలో నిలబడి ఇంకో చిన్న అడవిని చేత్తో కట్టుకున్నారన్నమాట. తెరమీద మనం చూసి "నిజమైన అడవి" అనుకునేది ఆ వలే.

మూడోది సూర్యుడు. అప్పట్లో కెమెరాను నేరుగా సూర్యుడి వైపు తిప్పితే లెన్స్ గుండా వచ్చే కిరణాలు ఫిల్మ్‌ను కాల్చేస్తాయని భయపడేవారు. కెమెరామన్లు ఆ జోలికి పోయేవారు కాదు. మియాగావా తిప్పారు. కొమ్మల మధ్యలోంచి సూర్యుడు మెరుస్తూ, ఆగుతూ, మళ్లీ మెరుస్తూ వస్తాడు. కట్టెలు కొట్టేవాడు గొడ్డలి భుజాన వేసుకుని అడవిలోకి నడిచే వరస చూశారు కదా. కెమెరా అతని ముందు, వెనక, పక్కన, కింద నుంచీ సాగుతుంది. మాట లేదు, కథ ఇంకా మొదలు కాలేదు. అయినా మనకి అడుగు అడుగుకీ టెన్షన్ పెరుగుతుంది. దానికి సగం కారణం ఆ వెలుగు నీడలు గొడ్డలి మీదా, ముఖం మీదా మారే వేగం.

వాన సంగతి కూడా చెప్పాలి. సినిమా మొదట్లో రషోమన్ అనే నగర ద్వారం దగ్గర కుండపోత వాన. కెమెరాను పైకెత్తి మబ్బు పట్టిన ఆకాశం వైపు చూపిస్తే వాన కనపడలేదు. లేత బూడిద రంగు ఆకాశం మీద లేత బూడిద రంగు నీళ్లు. నీళ్లలో నల్ల సిరా కలిపి కురిపించారు. ఈ సంగతిని అందరూ ఒక తమాషా కబురులా చెప్పుకుంటారు. నాకు ఇందులో తమాషా కనపడదు. వెనకాల ఉన్నదానికంటే ముందున్నది ఒక మెట్టు ముదురుగా ఉంటే తప్ప కంటికి ఆనదన్నది సుమీ-ఎ మొదటి పాఠం. కాగితం మీద వాన గీయాల్సొస్తే ఏం చేస్తారో అక్కడా అదే చేశారు.

ఆ సినిమాకి 1951లో వెనిస్ చిత్రోత్సవంలో పెద్ద బహుమతి వచ్చింది, జపాన్ సినిమా వైపు ప్రపంచం తలతిప్పింది. సత్యజిత్ రే కలకత్తాలో దాన్ని వరసగా మూడు రోజులు చూశానని రాశారు.

ఇప్పుడు 'ఉగెత్సు'. మూడేళ్ల తర్వాత, 1953. డైరెక్టర్ కెంజీ మిజోగుచి. 'రషోమన్'లో మధ్య రంగులను వీలైనంత పక్కకి నెట్టి, నలుపునీ తెలుపునీ ఢీకొట్టించిన మనిషి ఇక్కడ పూర్తిగా తలకిందులు చేశారు. గట్టి నలుపు దాదాపు లేదు. పొగమంచు కమ్మిన బీవా సరస్సు మీద పడవ వచ్చే ఘట్టంలో నీళ్లు ఎక్కడ ఆగి ఆకాశం ఎక్కడ మొదలైందో గీత కనపడదు. పడవ మాత్రం ఒక పల్చటి కుంచె దెబ్బ. మిజోగుచికి బొమ్మల చుట్టను విప్పుకుంటూ పోతున్నట్టు సినిమా సాగాలి. కట్ తక్కువ, షాట్ పొడుగు. అందుకని ఆ సినిమాలో సుమారు 70 శాతం క్రేన్ మీదే తీశామని మియాగావా తర్వాత చెప్పారు.

అందులో ఒక షాట్ గురించి కాస్త ఆగి చెప్తాను. మీరు మళ్లీ పెట్టుకుని చూడండి. కుమ్మరి గెంజురో చాలా కాలానికి ఇంటికొస్తాడు. రాత్రి. భార్యను పిలుస్తూ లోపలికొస్తాడు. పొయ్యి చల్లారిపోయి ఉంది, ఇల్లు ఖాళీ. వెనక తలుపు గుండా బయటికెళ్లి, పిలుచుకుంటూ ఇంటి చుట్టూ తిరుగుతాడు. కెమెరా లోపలే ఉండి, కిటికీల్లోంచి అతన్ని చూస్తూ అతనితోపాటు తిరుగుతుంది. అతను మళ్లీ ముందు గుమ్మంలోకి వచ్చేసరికి కెమెరా కూడా పొయ్యి దగ్గరికి వస్తుంది. పొయ్యి వెలుగుతోంది. భార్య కూర్చుని వంట చేస్తోంది. కట్ లేదు. కెమెరా అటు తిరిగిన ఆ కొద్ది సెకన్లలో నటి కినుయో తనాకా వచ్చి కూర్చున్నారు, పొయ్యి రాజుకుంది. ఆవిడ చనిపోయి ఉందని మనకి ముందే తెలుసు, అతనికి తెలియదు.

ట్రిక్ అంతే. ఆలోచన ఎవరికైనా వస్తుంది. దాన్ని నిలబెట్టింది వెలుగు. మొదటిసారి ఖాళీ గదిని చూపించినప్పుడు అది చచ్చిపోయిన బూడిద రంగులో ఉంటుంది, అయినా గోడ కనపడుతుంది, మూల కనపడుతుంది, ఎవరూ లేరని మనకి నమ్మకం కుదిరేంత కనపడుతుంది. గది పూర్తిగా చీకటైతే ఆవిడ ముందునుంచే అక్కడుందేమో అనుకుంటాం, దెబ్బ తగలదు. రెండోసారి అదే గదిలో పొయ్యి చుట్టూ మాత్రం వెచ్చదనం వస్తుంది. మిగతా గది మొదటిసారి ఎంత ఉందో అంతే ఉంటుంది. ఆ ఒక్క మెట్టు తేడాతో ఇల్లు మళ్లీ ఇల్లయింది. విజయావారి సినిమాల్లో మార్కస్ బార్ట్లీ వెన్నెల చూసి పెరిగిన మనకి ఇది అర్థం చేసుకోవడం కష్టం కాదు. ఆ వెన్నెల అంత చల్లగా ఉండేది నీడల్లో కూడా కంటికి ఏదో ఒకటి మిగల్చడం వల్లే.

మిజోగుచితో ఆయన ఎనిమిది సినిమాలు చేశారు. అందులో 'సాన్షో' గురించి చివర్న చెప్తాను.

డైరెక్టర్ యసుజీరో ఓజూతో ఒక్కటే, 1959లో 'ఫ్లోటింగ్ వీడ్స్'. ఓజూ కెమెరా కదలదు, నేలకి దగ్గరగా కూర్చుంటుంది. క్రేన్ మీద తిరిగిన మనిషికి అక్కడ క్రేన్ లేదు, ట్రాలీ లేదు. ఇక మిగిలింది వెలుగొక్కటే. నాటక సమాజం పెద్దా, అతనితో కలిసి ఉండే నటీ వీధికి అటూ ఇటూ చూరుల కింద నిలబడి తిట్టుకుంటారు. మధ్యలో జోరున వాన. ఇద్దరూ నీడలో ఉన్నారు, వాన మాత్రం వెనక వెలుగు తగిలి మెరుస్తోంది. తొమ్మిదేళ్ల కింద ద్వారం దగ్గర నల్లగా చేసిన వానను ఇక్కడ తెల్లగా చేశారు, వెనకాల ఈసారి ముదురు ఉంది కాబట్టి. సూత్రం ఒక్కటే.

1960లో డైరెక్టర్ కోన్ ఇచికావా కోసం చేసిన 'ఒతోతో', అంటే 'తమ్ముడు', మీరు వెతికి చూడాల్సిన సినిమా. కథ తైషో కాలంలో, అంటే 1912కీ 1926కీ మధ్య జరుగుతుంది. కలర్ సినిమా, కానీ ఆ కాలం వెలిసిపోయినట్టు ఉండాలి. లైటుతోనూ, బట్టల రంగులతోనూ కొంతవరకే వస్తుంది. మియాగావా సమస్యను ల్యాబ్‌కి తీసుకుపోయారు, పద్దెనిమిదేళ్లప్పుడు పనిచేసిన చోటికి.

కలర్ ఫిల్మ్ డెవలప్ అయ్యేటప్పుడు రెండు పనులు కలిసి జరుగుతాయి. వెండి నల్లగా తేలుతుంది, దాంతోపాటు రంగులు పుడతాయి. తర్వాత బ్లీచ్ తొట్టిలో ఆ వెండిని మార్చి, హైపో అనే ద్రావణంలో కడిగేస్తారు. రంగు మాత్రమే మిగులుతుంది. ఆయన ఆ బ్లీచ్ మెట్టును పక్కనపెట్టించి, వెండిని ప్రింట్‌లో ఉంచేశారు. దాంతో కలర్ బొమ్మ మీద ఒక బ్లాక్ అండ్ వైట్ బొమ్మ పరిచినట్టయింది. నలుపు చిక్కబడింది, రంగులు తగ్గి బూడిద పూసినట్టు అయ్యాయి. దీన్ని జపాన్‌లో గిన్-నోకోషి అన్నారు, వెండిని మిగల్చడం అని అర్థం. తర్వాత ప్రపంచమంతా ఈ దారి పట్టింది. ఆర్వెల్ నవల ఆధారంగా 1984లో వచ్చిన సినిమాకి రోజర్ డీకిన్స్ ఇదే పద్ధతిలో చేయించారు. ఇప్పుడు సినిమా రంగులు సరిచేసే మీ కలరిస్ట్ దగ్గర 'బ్లీచ్ బైపాస్' అని ఒక బటన్ ఉంటుంది. అది అక్కడి నుంచి వచ్చిందే. బటన్ నొక్కడం తప్పు కాదు. నొక్కే ముందు ఒకటి గుర్తుంచుకోండి, ఆయన ఈ పనిని సినిమా తీశాక మొదలుపెట్టలేదు. నలుపు ఎంత చిక్కబడుతుందో ముందే తెలుసు కాబట్టి సెట్ మీదే దానికి తగ్గట్టు లైట్ చేశారు. మామూలుగా లైట్ చేసి చివర్న బటన్ నొక్కితే నీడలన్నీ మూసుకుపోయి కళ్లు గుంటల్లా కనపడతాయి. ఇది ఈమధ్య నేను తరచూ చూస్తున్న తప్పు.

మరుసటి ఏడాది 1961లో 'యోజింబో'. మళ్లీ కురోసావా. ఈసారి వెడల్పు తెర, దూరాన్ని దగ్గరగా చూపించే టెలిఫోటో లెన్సులు. రెండో కెమెరా మీద తకావో సైతో, తర్వాత కురోసావాకి ఎన్నో సినిమాలు చేసినాయన. టెలిఫోటో వాడితే వెనక ఉన్నది ముందుకొచ్చి అతుక్కుంటుంది, కానీ ఫోకస్ పల్చబడిపోతుంది. ముందున్న హీరో తోషిరో మిఫునే, వీధి చివర ఉన్న రౌడీలు ఇద్దరూ స్పష్టంగా ఉండాలంటే అపెర్చర్, అంటే లెన్స్‌లో వెలుగు వచ్చే రంధ్రం, బాగా మూయాలి. మూస్తే వెలుగు బోలెడు కావాలి. ఆ వీధి అంత కళ్లు చెదిరే వెలుగులో ఉండడానికి అదొక కారణం. దాని మీదికి దుమ్ము లేపారు. దుమ్ము లేవగానే వెనక ఉన్నవాళ్లు ఒక మెట్టు లేతబడతారు, ముందున్నవాడు ముదురుగా తేలతాడు. లెన్స్ దూరాన్ని చంపేసింది, దుమ్ము దాన్ని తిరిగి ఇచ్చింది. మీకు మూడు సినిమాలూ వేరుగా అనిపించాయన్నారు కదా. 'ఉగెత్సు' పొగమంచూ, 'యోజింబో' దుమ్మూ పక్కపక్కన పెట్టి చూడండి. రెండూ చేసే పని ఒకటే.

1964 ఒలింపిక్స్ డాక్యుమెంటరీ 'తోక్యో ఒలింపియాడ్' కెమెరా బృందంలో ఆయనది పెద్ద పాత్ర. గుడ్డి కత్తివీరుడు జతోయిచి సిరీస్‌లో కూడా కొన్ని చేశారు. అవి వేగంగా తీసే మాస్ సినిమాలు. వాటిలో కూడా రాత్రి ఘట్టాలు చూస్తే ఎవరు చేశారో తెలిసిపోతుంది. డైరెక్టర్ మసహిరో షినోదాతో 1971లో 'చిన్మోకు', దాయే మూతపడ్డాక 'ఓరిన్' వంటివి చేశారు. కురోసావా తీసిన 1980 నాటి 'కగెముషా'కి మొదట ఆయనే కెమెరామన్. కంటిచూపు తగ్గడంతో తప్పుకోవాల్సి వచ్చింది. తకావో సైతో, షోజి ఉయెదా ఆ పని పూర్తిచేశారు, మియాగావా పేరు సలహాదారుగా పడింది. ఆ తర్వాత కూడా 1980ల చివరిదాకా షినోదాకి పనిచేశారు. 130కి పైగా సినిమాలు చేసి 1999లో కన్నుమూశారు.

ఇక మీరు ఏం చేయాలి. మీ చేతిలో ఉన్న కెమెరాకి ల్యాబ్ లేదు. మానిటర్‌లో బొమ్మ అప్పుడే కనపడుతుంది. అది గొప్ప సౌకర్యం, కానీ రేపు ఎలా ఉంటుందో ముందుగా ఊహించే కండరం దాంతో పెరగదు. అందుకని నా దగ్గర ఉన్న కుర్రాళ్లకి ఒక పని ఇస్తాను. పొద్దున ఆరింటికి ఒక టీ కొట్టు దగ్గర నిలబడండి. పొయ్యి, ఆవిరి, కొట్టు లోపలి చీకటి, బయట తెల్లవారుతున్న ఆకాశం, గాజు గ్లాసు, టీ పోసే మనిషి ముఖం. కెమెరా తీయకముందే ఒక కాగితం మీద ఈ ఆరింటినీ ముదురు నుంచి లేతకి వరసగా రాయండి. తర్వాత ముఖాన్ని ఏ మెట్టు మీద ఉంచాలో నిర్ణయించుకుని, లైట్ మీటరుతో ఒక్కోదాని వెలుగునీ కొలిచి, అప్పుడు బ్లాక్ అండ్ వైట్‌లో తీయండి. ఇంటికొచ్చి మీరు రాసిన వరస, వచ్చిన వరస పక్కపక్కన పెట్టుకోండి. మొదటి పదిరోజులు తేడా చాలా ఉంటుంది. ఆవిరిని దాదాపు అందరూ తప్పు రాస్తారు. చీకటి వెనకాల ఉంటే అది తెలుపు, ఆకాశం వెనకాల ఉంటే అదే నలుపు.

ఆ తర్వాత 'సాన్షో' చివరి షాట్ చూడండి. తల్లీ కొడుకూ సముద్రం ఒడ్డున ఒకరినొకరు పట్టుకుని ఉంటారు. కెమెరా వాళ్లను వదిలి మెల్లగా పక్కకి, పైకి కదులుతుంది. ఒడ్డు మీద ఒక ముసలాయన సముద్రపు నాచు ఆరబెడుతూ ఉంటాడు. అవతల సముద్రం. సౌండ్ ఆపేసి చూడండి. ఇసుక, నీళ్లు, ఆకాశం మూడూ లేత రంగులే, అయినా మూడూ విడివిడిగా ఉంటాయి. ఆ తెలుపులో ఎన్ని తెలుపులున్నాయో లెక్కపెట్టండి. నాకు మొదటిసారి మూడే కనిపించాయి. పోయిన నెల చూసినప్పుడు అయిదు కనిపించాయి.